ఎడారిలో చిన్న గొర్రె

ధ్యాన భాగములు: యోబు 38:25-27; ఆదికాండము 16:7-14; యోహాను 10:3



ఈ నెల మీ ధ్యానము కొరకు ఒక చిన్న మొక్క సంగతి తెచ్చియున్నాను. దాని కొలత ఒక అంగుళము మొదలుకొని మూడు అంగుళముల వరకే. మీలో ఎవరును దానిని చూచియుండరు, నేనును చూడలేదు. అది మన దేశపు మొక్క కాదు. అయినను దానిని గూర్చి వినిన దినమునుండి నా మనస్సు ఊరకుండుట లేదు. ఎందుకో చివరకు మీకే తెలియును.

మా సంఘములోని ఒక యౌవనస్థుడు పట్టణములో వృక్షశాస్త్రము చదువుచున్నాడు. సెలవులకు వచ్చినప్పుడు ఒక సాయంకాలము చర్చి అరుగుమీద నా ప్రక్కను కూర్చుండి, తన ఫోనులో ఒక ఫోటో చూపి, "అయ్యగారూ, ఇదేమిటో చెప్పండి చూద్దాం" అనెను. కళ్లజోడు సవరించుకొని చూచితిని. రాళ్ల నడుమ తెల్లగా ఏదో ముద్దవలె కనబడెను. "గొర్రెబొచ్చు రాలి పడినట్టున్నదిరా" అంటిని. అతడు నవ్వి, "దాని పేరూ అదే అయ్యగారూ. పండితులు చిన్న గొర్రె అని పేరు పెట్టారు" అనెను. ఆ పిమ్మట అతడు చెప్పిన సంగతులే మీకు వ్రాయుచున్నాను.

1. మనుష్యుడు లేని చోట వాన

అమెరికా దేశమున టెక్సాస్ రాష్ట్రపు పడమటి భాగములో, మెక్సికో దేశపు సరిహద్దున, రియో గ్రాండే అను నది పెద్ద మలుపు తిరుగును. ఆ మలుపును బట్టియే అచ్చటి అరణ్య ప్రదేశమునకు బిగ్ బెండ్ అని పేరు వచ్చెను. 1944లో అది జాతీయ పార్కుగా ఏర్పడెను. దాని విస్తీర్ణము 8 లక్షల ఎకరములకు పైమాట. అది చివావా ఎడారిలోని భాగము. రాళ్లు, గులకలు, ముండ్ల పొదలు, బ్రహ్మజెముడు జాతి మొక్కలు. ఎండ మిక్కిలి, వాన తక్కువ.

ఆ పార్కు ఉత్తరపు కొసన, జనసంచారము లేని గులకరాళ్ల నేలమీద ఈ మొక్క పెరుగుచున్నది. వాన కురిసిన పిమ్మటనే అది పూయును. ఎడారిలోని ఇట్టి చిన్న మొక్కల విత్తనములు మంటిలో దాగియుండి వానకొరకు కనిపెట్టుకొనియుండును. వాన వచ్చినదా, వేగిరముగా మొలచి, పూచి, విత్తనము రాల్చి, తమ పని ముగించుకొనును. వాన రాలేదా, పడియుండును.

ప్రియులారా, యోబు గ్రంథము 38వ అధ్యాయము తీసి చూడుడి. యోబు తన శ్రమలలో దేవునితో వాదించెను. దేవుడు సుడిగాలిలోనుండి అతనికి ప్రత్యుత్తరమిచ్చుచు ఎన్నో ప్రశ్నలు వేసెను. వాటిలో ఒక ప్రశ్న వాననుగూర్చినది. మనుష్యుడెవడును కాపురముండని నేలమీద, నరమాత్రుడు నడువని అడవిలో వాన కురిపించి, ఆ బీటినేలలో లేతగడ్డి మొలిపించునది ఎవరని ఆయన యోబును అడిగెను.

మనము వానకొరకు ప్రార్థించునప్పుడు మన చేనునే తలంచుకొందుము. వేరుసెనగ మాడిపోవుచున్నది, చెరువు ఎండిపోయినది, ప్రభువా, వాన నిమ్మని అడుగుదుము. అట్లు అడుగుట తప్పు కాదు. అయితే ఎవరును అడుగని చోటును, ఎవరును కోయని చోటును, స్తోత్రము చెప్పుటకు ఒక్క మనుష్యుడును లేని చోటును ఆయన వాన కురిపించుచున్నాడు. శిస్తు రాని నేల ఆయనకు బీడు కాదు. ఆ మూడంగుళముల మొక్క కొరకును ఆకాశమునుండి ఆయన నీళ్లు పంపుచున్నాడు. మనుష్యులు దానిని చూడకముందు ఎన్ని వానలు కురిసెనో, అది ఎన్నిసార్లు పూచెనో, లెక్క ఆయనకే తెలియును.

2. వంగి చూచినవారు

2024వ సంవత్సరము మార్చి నెలలో ఇద్దరు ఆ చోట నడచుచుండిరి. ఒకరు జీతము లేకుండ పార్కులోని మొక్కల పనికి తోడ్పడు స్వచ్ఛంద సేవకురాలు. ఇంకొకరు ఆ పార్కు ఉద్యోగిని. నేలమీద తెల్లని నూగుతో ఏదో కనబడగా వంగి చూచిరి. ఎరిగిన మొక్కవలె లేదు. మొక్కల జాబితాలు వెదకిరి, ఎండబెట్టి దాచిన పాత మొక్కలతో పోల్చిరి, పుస్తకములు తిరగవేసిరి. ఇంటర్నెటులో ప్రకృతి పరిశీలకులు ఫోటోలు పంచుకొను ఐనాచురలిస్ట్ అను చోట దాని ఫోటోలు పెట్టి, ఎవరికైనను తెలియునా అని అడిగిరి. దాని పేరు ఎవరును చెప్పలేకపోయిరి. ఎందుకనగా దానికి పేరు లేదు.

అప్పుడు సల్ రాస్ స్టేట్ యూనివర్సిటీ, కాలిఫోర్నియా అకాడమీ ఆఫ్ సైన్సెస్ మొదలగు సంస్థల పండితులు దానిని శోధించిరి. సూక్ష్మదర్శినిలో చూచిరి. దాని కణములలోని డీఎన్ఏను బంధువర్గపు మొక్కల డీఎన్ఏతో పోల్చిరి. తెలిసినదేమనగా, అది క్రొత్త జాతి మాత్రమే కాదు. తెలిసిన ఏ ప్రజాతిలోను ఇమడనిది. 2025 ఫిబ్రవరిలో ఫైటోకీస్ అను శాస్త్ర పత్రికలో దానిని క్రొత్త ప్రజాతిగా ప్రకటించిరి. అమెరికా జాతీయ పార్కులలో క్రొత్త మొక్కల ప్రజాతి దొరకుట సుమారు 50 ఏండ్లలో అదియే మొదటిసారి.

అది ఏ కుటుంబపు మొక్కయో చెప్పినయెడల మీకు ఆశ్చర్యము కలుగును. అది మన చామంతి కుటుంబము. పొద్దుతిరుగుడు, బంతి, గుంటగలగర, మన గట్లమీద పెరుగు గడ్డి చామంతి, మనము తిట్టుకొను వయ్యారిభామ, ఇవన్నియు దాని బంధువులే. ఈ కుటుంబములో 30 వేలకు పైగా జాతులున్నవి. మన బంతియు, పొద్దుతిరుగుడును, గడ్డి చామంతియు పూర్వము ఆ అమెరికా ఖండము వైపునుండి వచ్చినవే. చిన్నతనమున కొడవలి తెగినప్పుడు గడ్డి చామంతి ఆకు నలిపి రసము పిండుకొనని వాడు మన పల్లెలో ఎవడు? ఆ మొక్కకు దూరపు చుట్టము ఎడారిలోని ఈ చిన్నది.

ఈ కుటుంబములో ఒక విశేషమున్నది. మనము ఒక పువ్వు అనుకొనునది నిజముగా ఒక పువ్వు కాదు. చిన్న చిన్న పువ్వులు అనేకము ఒక్క తొడిమమీద కూడియున్న గుంపు. మనము రేకు అనుకొనునది కూడ ఒక పువ్వే. మన ఎడారి మొక్కకు పసుపుపచ్చని నడిమి పూలు గలవు. వాటి అంచున ముదురు ఎరుపు చారలుగల రేకులవంటి పూలు రెండు. ఆకులనిండ ఉన్నివంటి తెల్లని నూగు. మొక్కలకుండు అట్టి నూగు ఎండ కాకను తిప్పికొట్టి, లోపలి తేమను పోనియ్యకుండ కాపాడును. మన గొర్రెల కాపరి మిట్ట మధ్యాహ్నమునను గొంగడి విడువడు గదా! చలికేగాక ఎండకును అదియే గొడుగని అతనికి తెలియును. అట్లే ఎడారిలో పెరుగు ఈ మొక్కకు దేవుడు గొంగడి కప్పి పంపియున్నాడు.

ఇక్కడ ఒక్క క్షణము నిలువుడి. ఆ చోటికి దగ్గరలో అంతకు ముందు ఎవరును నడువలేదా? నడచియుందురు. వారి కన్నులు కొండలమీద నుండెను. కన్నులున్నంత మాత్రమున కనబడదు, నడుము వంచవలెను. ఆ ఇద్దరు స్త్రీలు నడుము వంచిరి. తెలియనిదానిని తెలియదని ఒప్పుకొనిరి. "ఇదేదో కలుపు" అని దాటిపోలేదు.

3. రెండు పేర్లు

ఆ మొక్కకు పండితులు పెట్టిన పేరు ఒవిక్యులా బైరేడియాటా. ఒవిక్యులా అనగా లాటిను భాషలో చిన్న గొర్రె. బైరేడియాటా అనగా రెండు కిరణములు గలది. ఆ రెండు రేకులను బట్టి. ఒడలెల్ల ఉన్నివంటి నూగు ఉండుటవలనను, ఆ కొండలలో తిరుగు పెద్ద కొమ్ముల అడవి గొర్రెల జ్ఞాపకార్థముగాను ఆ పేరు పెట్టిరి. వారు బైబిలును తలంచి పెట్టలేదు, శాస్త్రరీతిని పెట్టిరి.

అయితే దానికి వాడుక పేరు ఇంకొకటి వచ్చెను. ఉన్ని దయ్యము! ఆ రెండు రేకులు కొమ్ములవలె కనబడుచున్నవనియు, అది దొరికిన చోటికి సమీపమున దయ్యపు గుహ అను అర్థమిచ్చు పేరుగల స్థలమున్నదనియు ముద్దుగా అట్లు పిలిచిరి. వార్తాపత్రికలన్నియు ఆ పేరే పట్టుకొనెను. ఒక్క మొక్కకు ఒక్క సంవత్సరములో రెండు పేర్లు. ఒకరు చిన్న గొర్రె అనిరి, ఒకరు దయ్యమనిరి. మొక్క మాత్రము ఒక్కటే. ఆ రేకులు రెండును అవే, ఆ నూగు అదే.

అచ్చట అది వేడుకకు పెట్టిన పేరు. మొక్కకు నొప్పి లేదు. మనుష్యులకు పెట్టు పేర్ల మాట వేరు. మన తాతలను, ముత్తాతలను ఊరి పెద్దలు ఏ పేర్లతో పిలిచిరో నేను ఇక్కడ వ్రాయనక్కరలేదు. మీ చెవులకు తెలియును. సువార్త మన పల్లెలకు వచ్చినప్పుడు మనవారు మొదట పొందిన మేళ్లలో ఒకటి పేరు. నీళ్లలో నిలువబడినవానిని బోధకుడు పేరు పెట్టి పిలిచి బాప్తిస్మమిచ్చెను. అంతవరకు "ఓరి", "ఒసే" అని విన్న చెవులు ఆ దినమున తమ పేరును, త్రియేక దేవుని నామమును ఒక్క మాటలో వినెను. అది సామాన్యమైన సంగతి కాదు.

అట్టి మనమే ఇప్పుడేమి చేయుచున్నాము? మన నోళ్లను పరిశోధించుకొందము. మన సంఘములలోనే కుంటివాడు, నత్తివాడు, గొడ్రాలు, గుడ్డిది అని పిలుచుట లేదా? ఒకడు ఎన్నడో త్రాగి పడిపోయెను. ఇరువది ఏండ్లుగా సీసా ముట్టకపోయినను వానిని త్రాగుబోతనియే పిలుచుచున్నాము. ప్రభువు వానికి వేరొక పేరు పెట్టియున్నాడు. మనము పాతపేరు విడువకున్నాము.

4. అడవిలో పేరు విన్న స్త్రీ

ఆదికాండము 16వ అధ్యాయము మీరు ఎన్నోసార్లు చదివియున్నారు. ఈసారి ఒక సంగతి గురుతుపెట్టుకొని చదువుడి. ఆ అధ్యాయములో శారయి మాటలాడునప్పుడు హాగరు పేరు ఎత్తదు. తన దాసి అనియే చెప్పును. అబ్రామును ఆమె పేరు ఎత్తడు. నీ దాసి నీ చేతిలోనున్నదని భార్యతో చెప్పును. కథ చెప్పువాడు మనకు హాగరు అని చెప్పుచున్నాడేగాని, ఆ ఇంటిలోని మాటలలో ఆమె పేరు మనకు వినబడదు. ఆమె వారికి పనికి వచ్చినది, వారికొరకు గర్భము ధరించినది, దెబ్బలు తిన్నది, పారిపోయినది. ఇంతవరకును దాసియే.

షూరు మార్గమున, అడవిలోని నీటి ఊటయొద్ద ప్రభువు దూత ఆమెను కనుగొనెను. ఆ దూత నోట వచ్చిన మొదటి మాట ఆమె పేరు. హాగరూ అని పిలిచి, ఎక్కడనుండి వచ్చుచున్నావు, ఎక్కడికి పోవుచున్నావు అని అడిగెను. ఆ పిలుపు విని ఆ స్త్రీ ఏమి చేసెను? తనతో మాటలాడిన దేవునికి తానొక పేరు పెట్టెను: నన్ను చూచుచున్న దేవుడు. పరిశుద్ధ గ్రంథములో దేవునికి అట్లు పేరు పెట్టినవారిలో మొట్టమొదట మనకు కనబడునది ఒక ఐగుప్తు దాసి. ఆ బావి పేరు కూడ ఆ మాటను బట్టియే ఏర్పడెను.

యోహాను సువార్త 10వ అధ్యాయములో మంచి కాపరి సంగతి ఇదియే. ఆయన మందను మందగా తోలడు. తన గొర్రెలలో దేని పేరు దానికి ఎరిగి పిలుచును. అడవిలో హాగరును పిలిచిన దేవుని ప్రేమ ఆయనయందు మనయొద్దకు నడచి వచ్చినది.

5. నా ఒప్పుకోలు

ఇప్పుడు నా సంగతి చెప్పవలసియున్నది. ఇది చెప్పకుండ పై మాటలన్నియు చెప్పుటకు నాకు హక్కు లేదు.

నేను సేవ చేయు సంఘములో ఒక అవ్వ యుండెను. ప్రతి శనివారము సాయంకాలము చర్చి ఊడ్చునది. దుమ్ము లేచి బల్లమీద బైబిలుపై పడకుండ ముందు నీళ్లు చల్లి, పిమ్మట ఊడ్చునది. ఆదివారము తలుపు వెనుక, చెప్పులు విడుచు చోటికి ప్రక్కను, చాపమీద కూర్చుండునది. ప్రభువు బల్లయొద్దకు అందరికంటె చివర వచ్చునది. బిడ్డలు లేరు; భర్త ఎన్నడో చనిపోయెను. ఊరివారును, పిల్లలును, నేనును ఆమెను చీపురవ్వ అనియే పిలిచితిమి. ఆమె పలికినది.

పదునాలుగు ఏండ్లు నా చేతితో ఆమెకు రొట్టెయు ద్రాక్షారసమును ఇచ్చితిని. ఒక వర్షాకాలమున ఆమె జ్వరముతో నిద్రించినది. మరణముల రిజిస్టరు తెరచి, కలము పట్టుకొని, తేదీ వేసి, పేరు వ్రాయవలసిన చోట నా చెయ్యి నిలిచిపోయెను. నాకు తెలియదు. సంఘపు పట్టీ తీసి చూచితిని. ఆ ఇంటి వరుసలో ఆమె భర్త పేరున్నది. దానిక్రింద "భార్య" అని యున్నది. అంతే. ఆ పాత పట్టీ నలిగిపోయినదని రెండుసార్లు క్రొత్త పుస్తకములోనికి ఎత్తి వ్రాసినది నేనే. రెండుసార్లును "భార్య" అని చూచి, "భార్య" అనియే వ్రాసితిని.

ఇంటియొద్దకు పోయి అడిగితిని. "చీపురవ్వే కదయ్యగారూ" అనిరి. పెద్దలను అడిగితిని. ఒకరి ముఖము ఒకరు చూచుకొనిరి. ప్రొద్దు వాలుచుండగా ఆమె చెల్లెలు దూరపు ఊరినుండి బస్సు దిగి వచ్చి, వాకిటిలోనే కూలబడి, అక్కను పేరు పెట్టి పిలిచి ఏడ్చెను. చనిపోయినవారిని పేరు పెట్టి ఏడ్చుట మన స్త్రీల ఆచారము గదా. ఆ ఏడ్పులో నేను ఆ పేరు మొదటిసారి వింటిని. అది పరిశుద్ధ గ్రంథములోని ఒక భక్తురాలి పేరు. ఆ భక్తురాలిని గూర్చి నేను ఎన్నో ప్రసంగములు చేసియున్నాను. నేను ప్రసంగపీఠముమీద ఆ పేరు పలుకుచుండగా, ఆ పేరుగలది తలుపు వెనుక కూర్చుండి వినుచుండెను.

ఆ పేరు రిజిస్టరులో వ్రాసితిని. సమాధి రాతిమీద చెక్కించితిమి. ఇక్కడ మాత్రము వ్రాయుట లేదు. పత్రికలో వ్రాయనా అని ఆమె చెల్లెలిని అడిగితిని. "బతికున్నప్పుడు అడగని పేరు ఇప్పుడు అచ్చెందుకయ్యగారూ" అనెను. నాయొద్ద ప్రత్యుత్తరము లేకపోయెను.

ప్రియులారా, మనుష్యులు చూడనందువలన ఆ ఎడారి మొక్కకు కలిగిన నష్టమేమియు లేదు. వాన దానికి అందినది; గొంగడి దానికి అందినది; దేవుని యెదుట అది పూచినది. మా అవ్వయు అట్టిదే. ఆమె పేరు జీవగ్రంథములో వ్రాయించుటకు నా కలము అవసరము లేకపోయెను. మంచి కాపరి ఆమెను పేరు పెట్టి పిలిచెను. ఆమె లేచి వెళ్లెను. నష్టపోయినది నేను. నా మందలోని గొర్రెను పదునాలుగు ఏండ్లు దాటి నడచితిని. నేను కాపరిననుకొంటిని.

6. ఇప్పుడు చేయవలసినది

మా యౌవనస్థుడు చివరకు ఇంకొక సంగతి చెప్పెను. ఆ మొక్క ఇంతవరకు ఆ పార్కు ఉత్తరపు కొసన మూడు చిన్న చోట్ల మాత్రమే కనబడినదట. ఎడారులు ఇంకను వేడెక్కి ఎండిపోవుచున్నవి గనుక, దానిని కనుగొనునప్పటికే అది అంతరించు దారిలో నుండవచ్చునని పండితులు భయపడుచున్నారు. పేరు పెట్టుటయు, పోగొట్టుకొనుటయు ఒక్క కాలమందే జరుగవచ్చును.

మన సంఘములలోని వృద్ధుల సంగతియు ఇట్టిదే. వచ్చు క్రిస్మసునాటికి తలుపు వెనుక ఆ చాపమీద ఎవరుందురో, ఎవరు లేకపోదురో మనకు తెలియదు. కాబట్టి మా పెద్దలును నేనును ఈ నెల ఒక పని తలపెట్టితిమి. చందా అడుగుటకు కాదు, తప్పు పట్టుటకు కాదు. ఊరక ఇంటింటికి పోయి కూర్చుండి పేరు అడుగుచున్నాము. "భార్య", "తల్లి", "అవ్వ" అని వ్రాసియున్న చోటనెల్ల వారి పేరు వ్రాయుచున్నాము. మొదటి వారము పందొమ్మిదిమంది స్త్రీల పేర్లు వ్రాసితిమి. ఒక ముసలమ్మ తన పేరు చెప్పుటకు సిగ్గుపడి, కొంగు నోటికి అడ్డము పెట్టుకొని, "నా పేరెందుకులే అయ్యా" అని, పిమ్మట మెల్లగా చెప్పెను. ఎన్నాళ్లయినదో ఆ పేరు ఆమె నోట వచ్చి!

మీ సంఘములోను ఈ పని చేయుడని బ్రతిమాలుచున్నాను. దీనికి డబ్బు అక్కరలేదు. మిషను సహాయము అక్కరలేదు. మూడు సంగతులు చాలును. మొదటిది, నడుము వంచుడి. ఆరాధన ముగియగానే ముందు వరుసవారితో మాటలాడి వెళ్లిపోక, తలుపు వెనుక కూర్చున్నవారియొద్దకు పొండి. రెండవది, తెలియనియెడల తెలియదని ఒప్పుకొనుడి. ఇన్నేండ్లకు అడుగుట సిగ్గుగా నుండును, నాకును సిగ్గాయెను, అయినను అడుగుడి. మూడవది, ఎవరికైనను మీరు పెట్టిన దయ్యపు పేరు ఏదైననున్నయెడల, ఈ ఆదివారమునుండి దానిని మీ నోటనుండి తీసివేయుడి. మీ పిల్లలు మీ నోటినుండియే నేర్చుకొనుచున్నారు.

మీలో ఎవరైనను, నన్ను ఎవరును ఎరుగరు, నేను ఎండిన నేలలో ఒంటిగా ఉన్నాను, నేనుండిన నేమి, పోయిన నేమి అని తలంచుచున్నయెడల, మీతో ఒక్కమాట. మనుష్యుడు నడువని చోట మూడంగుళముల మొక్కమీద వాన కురిపించు దేవుడు మిమ్మును చూచుచున్నాడు. హాగరును చూచెను; మిమ్మును చూచుచున్నాడు. లోకము మిమ్మును ఏ పేరు పెట్టి పిలిచినను, ఆయన నోట మీ పేరు వేరు. ఆ పిలుపునకు చెవియొగ్గుడి.

ప్రార్థన

మమ్మును చూచుచున్న మా దేవా, ఎవరును అడుగని నేలమీదను వాన కురిపించు తండ్రీ, నీకు స్తోత్రము. మేము దాటిపోయిన వారిని నీవు దాటిపోలేదు గనుక నీకు స్తోత్రము. మా కన్నుల గర్వమును క్షమించుము. మా నోట దొర్లిన చెడ్డ పేర్లను క్షమించుము. వారు బ్రతికియుండగానే అడుగు మనస్సు మాకు దయచేయుము. మా సంఘములోని వృద్ధులను, విధవరాండ్రను, బిడ్డలు లేనివారిని, తలుపు వెనుక కూర్చుండువారిని నీ రెక్కల క్రింద కప్పుము. మంచి కాపరియైన యేసూ, నీవు మా పేరు పెట్టి పిలుచు దినమున మేమును లేచి నీవెంట వచ్చునట్లు కృపనిమ్ము. నీ నామమున వేడుకొనుచున్నాము తండ్రీ. ఆమేన్.